లోయలోకి తొంగిచూసిన నాభి పువ్వు

ఒకప్పుడు అడవినాభి పువ్వు ఇప్పటిలా తల వేలాడేసుకుని ఉండేది కాదు. అది నేలబారుగా పెరిగే చిన్న మొక్క. దాని పువ్వు పసుపుపచ్చటి గిన్నెలా నిండుగా విచ్చుకుని, మొహం పైకెత్తి, పొద్దస్తమానం ఆకాశంకేసి చూస్తూ ఉండేది. ఆకులు కూడా అప్పట్లో మామూలు ఆకులే. కొసలు సూటిగా ఉండేవి. ఏ కొమ్మనూ పట్టుకునేవి కావు.

ఆ కాలంలో పువ్వులకూ మనుషులకూ మాటలుండేవి. సూరీడు కూడా ఇప్పుడున్నంత బింకంగా ఉండేవాడు కాదు. వస్తూ పోతూ అందరినీ పలకరించేవాడు.

మన నాభి నల్లమల అడవిలో, ఒక ఎత్తయిన కొండచరియ అంచుకు దగ్గరలో ఉండేది. అక్కడ నేలంతా రాళ్ళూ రప్పలూ. వానాకాలంలో కాస్త పచ్చదనం, మిగతా ఏడాదంతా ఎండు కంపలు. నాభికి ఒక పక్క బలుసు పొద, ఇంకో పక్క తంగేడు. బలుసుది ముళ్ళ ఒళ్ళు, ముళ్ళ నోరు. తంగేడు మంచిదే గానీ, దాని పూల గొడవ దానిది.

పాపం, నాభి జోలికి ఎవరూ వచ్చేవాళ్ళు కాదు. దాని గడ్డ నిండా విషం. అడవిలో గడ్డలు తవ్వుకునేవాళ్ళు దాన్ని చూడగానే, "అది నాబిరా! దాన్ని ముట్టుకోబాకండి" అని పిల్లల్ని అవతలికి లాగేసేవాళ్ళు. ఎలుగుబంటి వాసన చూసి మూతి తిప్పుకుపోయేది. దొరికిందల్లా మేసే అడవిపంది కూడా దాని చుట్టూ తిరిగి పోయేదే గానీ మూతి పెట్టేది కాదు. విషం కావాలని నాభి ఎవరినైనా అడిగిందా? పుట్టుకే అలా పుట్టింది. ఏం చేస్తుంది?

దాన్ని పలకరించేది సూరీడొక్కడే. సాయంత్రం కొండల వెనక్కి దిగేముందు, "పోయొస్తానే పిల్లా!" అనేవాడు.

"పోయిరా తాతా! రేపు పెందలాడే రా!" అనేది నాభి.

ఆ మాట అనకుండా నాభి ఏ రోజూ నిద్రపోలేదు. రోజంతా ఆ ఒక్క మాట కోసమే ఎదురుచూసేదంటే నమ్మండి.

ఇలా ఉండగా, ఆ కొండ మీది చెంచు పెంటకు ఈదమ్మ అనే కొత్తకోడలు వచ్చింది. పెంట అంటే అడవిలో ఓ పది గుడిసెల ఊరు. ఈదమ్మ మొగుడు బయ్యన్న. కొండచరియకు అంటుకుని ఉండే పెద్ద పెద్ద తేనెపట్లను కోసుకురావడం అతని పని. తాడు పట్టుకుని లోయలోకి దిగాలి. ఒక చేతిలో ఈగల్ని తరిమే పొగకట్ట, నడుముకు తేనె పట్టే సొరకాయ బుర్ర. కింద చూస్తే నేల కనబడదు, చెట్ల నెత్తులు కనబడతాయి.

ఆ తాడును పైన ఎవరు పట్టుకోవాలో తెలుసా? అన్నదమ్ములు పట్టుకోకూడదు, స్నేహితులు పట్టుకోకూడదు. బావమరిదే పట్టుకోవాలి. బావకేమన్నా అయితే పాడయ్యేది తన అక్క బతుకే కదా! అందుకని బావమరిది చేతిలో తాడు జారదని వాళ్ళ నమ్మకం. బయ్యన్న తాడు ఈదమ్మ తమ్ముడు మంతన్న పట్టుకునేవాడు. ఎద్దులాంటి బలం, చీమంత నోరు.

ఇంకో పద్ధతి కూడా ఉంది. చరియ మధ్యలో లోపలికి వంగి ఉంటుంది. కిందికి దిగినవాడు తాడు పట్టినవాడికి కనబడడు. అందుకని దిగినవాడు పాట పాడుతూనే ఉండాలి. పాట సాగుతుంటే తాడు వదులుతారు. పాట ఆగితే పైకి లాగుతారు. పాట వినబడని రోజున తాడు ముట్టుకోవద్దని పెంటలో పెద్దలు మరీ మరీ చెప్పేవాళ్ళు.

బయ్యన్న కిందికి దిగినప్పుడల్లా ఈదమ్మ చరియకు కాస్త ఇవతల, నాభి పక్కన కూర్చునేది. అతని పాట వింటూ, చేతులు ఊరికే ఉండలేక నాభి ఆకుల మీద దుమ్ము తుడిచేది.

"నన్ను ముట్టుకోకు. నాలో విషం ఉంది" అంది నాభి మొదటిరోజు.

ఈదమ్మ నవ్వింది. "నిన్ను తినకూడదు గానీ, నీతో మాట్టాడకూడదా ఏందే?"

ఆ మాటకు నాభి ఎంత మురిసిపోయిందో! ఆ సాయంత్రం సూరీడికి ఆ మాటే పదిసార్లు చెప్పింది. సూరీడు వినీ వినీ, "తెలిసిందిలేవే, ఇక నన్ను పోనీ" అన్నాడు.

వానాకాలం ముగింపుకొస్తోంది. ఈదమ్మకు నెలలు నిండుతున్నాయి. ఏం తిన్నా వెనక్కి వస్తోంది.

"నోరంతా చేదు మామా. ఒక్క చుక్క తేనె నాకితే పానం కుదటపడేట్టుంది" అంది ఒక పొద్దున మొగుడితో.

అంతే! బయ్యన్న తాడు భుజాన వేసుకున్నాడు. ముందురోజు వరకూ వాన కురిసింది. చరియ పక్కన దూకే వాగు చెవులు చిల్లులు పడేలా హోరెత్తుతోంది. ఆ హోరులో పాట ఎవరికి వినబడుతుంది?

"వాగు సద్దుమణగనీరా. రెండు మూడు రోజులు ఆగలేవా?" అన్నారు పెద్దలు.

"నేను ఆగుతా. ఈదమ్మ తిని ఎన్నాళ్ళయిందో సూసినారా?" అన్నాడు బయ్యన్న.

చరియ దగ్గర మంతన్న కూడా నసిగాడు. "పాట లేకుండా ఎట్టా బావా?"

"తాడు గుంజుతాలే. ఒకసారి గుంజితే వదులు. రొండుసార్లు గుంజితే లాగు. నీ చెయ్యి ఉండగా నాకు పాటెందుకురా!"

పెళ్ళాం మీద ప్రేమతో చేసిన పనే. కానీ తప్పు తప్పే కదా.

మంతన్న తాడు కొసను నల్లమద్ది చెట్టుకు కట్టి, మిగతాది రెండు చేతులా పట్టుకున్నాడు. బయ్యన్న పొగకట్ట అంటించుకుని దిగాడు. ఈదమ్మ ఎప్పటిలా నాభి పక్కన కూర్చుంది. వాగు హోరు తప్ప ఇంకేమీ వినబడటం లేదు.

తాడు ఒకసారి కదిలింది. మంతన్న వదిలాడు. మళ్ళీ ఒకసారి కదిలింది. మళ్ళీ వదిలాడు. ఆ తరువాత తాడు కదలలేదు.

పొద్దు వాలుతోంది. తాడు కదలదు.

"కోస్తా ఉంటాడులే" అన్నాడు మంతన్న, తనకు తానే చెప్పుకుంటున్నట్టు.

ఈదమ్మ కళ్ళు తాడు మీద లేవు. చరియ అంచు మీదుగా పైకి లేస్తున్న పొగ మీద ఉన్నాయి. ఇందాక లావుగా లేచిన పొగ ఇప్పుడు సన్నబడింది. పొగ ఆగిపోతే తేనెటీగలు తిరిగి వస్తాయి. కొండ తేనెటీగలు కోపంతో వచ్చాయంటే మనిషిని వదలవు.

"తమ్ముడూ, లాగరా!"

"ఎట్టా లాగేది అక్కా? బావ బండ కింద దూరి ఉంటే? నేను లాగానంటే తల పోయి బండకు కొట్టుకుంటాది! యాడుండాడో తెలియకుండా ఎట్టా?" అన్నాడు మంతన్న.

"అయితే నేను సూస్తా."

"వద్దక్కా! నువ్వు అంచుకు పోకూడదు!"

నిండు చూలాలు లోయలోకి తొంగిచూడకూడదని వాళ్ళ కట్టుబాటు. కట్టుబాటు లేకపోయినా, బరువైన ఒంటితో ఆ నున్నటి అంచు మీద ఆమె నిలవలేదు. మంతన్న తాడు వదిలి రాలేడు. పెంట దూరం.

ఈదమ్మ వాగును బతిమాలింది. "తల్లీ, ఒక్క గడియ నోరు మూసుకో. నా మొగుడి గొంతు వినబడాలి."

"మూసుకుందునమ్మా, కానీ కొండ మీద కురిసిన వానంతా నా వీపు మీదే ఉంది. నన్ను తోస్తోంది. నా చేతుల్లో లేదు" అంది వాగు. దానికీ బాధగానే ఉంది, కానీ హోరు తగ్గలేదు.

ఈదమ్మ నేల మీద కూలబడింది. "నా నోరు పడిపోను! తేనె అడక్కపోతే ఏమయ్యేది" అని నాభి ఆకు మీద చెయ్యి వేసి ఏడ్చింది. ఆమె కన్నీళ్ళు నాభి పువ్వులో పడ్డాయి. వెచ్చగా ఉన్నాయి.

నాభి అంతవరకూ వాన నీళ్ళు చూసింది, మంచు నీళ్ళు చూసింది. మనిషి కన్నీళ్ళు చూడలేదు.

"తంగేడక్కా, నువ్వు ఎత్తుగా ఉన్నావు. కాస్త వంగి చూడవా?" అంది.

"నా కాండం కర్ర. వంగితే విరుగుతుందే" అంది తంగేడు.

"బలుసూ, నువ్వు?"

"నేనా! నేను వంగడమేమిటి!" అంది బలుసు. తరువాత కాస్త మెత్తబడి, "ఇక్కడ వంగే ఒళ్ళు ఉన్నది నీకే" అంది.

నాభి పుట్టాక ఒక్కసారైనా కిందికి చూసి ఎరగదు. దాని లోకమంతా పైనే. అయినా ఈదమ్మ చెయ్యి ఇంకా దాని ఆకు మీదే ఉంది.

"బలుసూ, నిన్ను పట్టుకోనా?"

"ముళ్ళుంటాయి మరి."

"ఉండనీ."

నాభి ఒక ఆకును చాపింది. సూటిగా ఉన్న ఆకు కొసను వేలిలా మడిచి బలుసు కొమ్మకు చుట్టింది. ముల్లు గుచ్చుకుంది. వదల్లేదు. ఇంకో ఆకు చాపింది, ఇంకో కొమ్మకు చుట్టింది. అలా ఆకు తరువాత ఆకుతో పట్టుకుంటూ, ఒళ్ళు సాగదీసుకుంటూ, చరియ అంచు దాకా పాకింది. ఆఖరికి గట్టిగా కళ్ళు మూసుకుని, తల కిందికి వంచేసింది.

కళ్ళు తెరిస్తే ఏమీ కనబడలేదు! తల కిందులయ్యేసరికి రేకులన్నీ జుట్టులా మొహం చుట్టూ పడ్డాయి. నాభి ఒక్క విసురుతో వాటిని వెనక్కి ఎగదోసింది. లోయ గాలికి వాటి అంచులు వణికి వంకీలు తిరిగాయి. తిరిగితే తిరిగాయి. ఇప్పుడు కింద అంతా కనబడుతోంది.

చరియ కడుపులో ఓ చిన్న రాతి మెట్టు మీద బయ్యన్న నిలబడి ఉన్నాడు. తాడును రెండుసార్లు గుంజుతున్నాడు, మళ్ళీ రెండుసార్లు గుంజుతున్నాడు. కానీ తాడు మధ్యలో ఒక బండ పగులులో ఇరుక్కుపోయింది. అతను ఎంత గుంజినా పైకి తెలియడం లేదు. పొగకట్ట చివరికి వచ్చింది. దూరంగా తేనెటీగలు నల్లటి మబ్బులా తిరుగుతూ దగ్గరికి వస్తున్నాయి.

"ఉన్నాడు! ఈదమ్మా, ఉన్నాడు!" అని అరిచింది నాభి. "మంతన్నా, తాడు పగులులో పడింది! అలాగే లాగావంటే తెగుతుంది! కాస్త వదులు చేసి, తంగేడు వైపు జరగాలి!"

"వదులు చేస్తే బావ పడిపోడా?"

"నేను చెప్పినప్పుడే వదులు! బయ్యన్నా, మెట్టు మీద రెండు కాళ్ళూ ఊనుకో! బండను పట్టుకో! ఇప్పుడు తాడు వదులవుతుంది, భయపడకు!"

నాభి మొహం సూటిగా లోయలోకే ఉంది గనక, ఆ హోరులోనూ దాని మాట కిందికి చేరింది. బయ్యన్న తల ఎత్తి చూశాడు. నెత్తిన ఎక్కడో తలకిందులుగా ఒక పచ్చటి పువ్వు. అంత కష్టంలోనూ అతనికి ఆశ్చర్యమేసింది. వెంటనే బండను కౌగిలించుకున్నాడు.

సరిగ్గా అప్పుడే నాభి వెనక నుంచి ఒక గొంతు వినబడింది.

"పోయొస్తానే పిల్లా!"

సూరీడు! కొండ మీద కూర్చుని, ఎప్పటిలా దాని జవాబు కోసం చూస్తున్నాడు. నాభి మెడ తనంతట తానే తిరగబోయింది. ఇన్నాళ్ళ అలవాటు మరి. కానీ ఇప్పుడు తల తిప్పితే, బయ్యన్న కాలు జారినా తెలియదు, తాడు ఊడినా తెలియదు. ఒక్క మాట తప్పితే ఒక మనిషి పోతాడు.

నాభి తల తిప్పలేదు. పలకలేదు. కన్నీళ్ళు వస్తున్నా కళ్ళు ఆర్పలేదు.

"వదులు మంతన్నా! ఇంకొంచెం... ఇంకొంచెం... చాలు! ఇటు జరుగు! ఊడింది! తాడు ఊడింది! బయ్యన్నా, బండ వదిలేయ్! మంతన్నా, లాగు!"

మంతన్న లాగాడు. అరచేతులు చీరుకుపోతున్నా లాగాడు. తేనెటీగలు జుమ్మని మీద పడేసరికి, బయ్యన్న తల చరియ అంచు మీదికి వచ్చేసింది. అతని వెనకే కాసిని ఈగలు రానే వచ్చాయి. అతని ఒక కన్ను కందగడ్డలా వాచిపోయింది. నడుముకు సొరకాయ బుర్ర మాత్రం భద్రంగా ఉంది.

ఈదమ్మ అతన్ని ఒక చేత్తో కొట్టింది, ఒక చేత్తో పట్టుకుంది. "ఇంకోసారి పాట లేకుండా దిగినావంటే ఆ తాడు నేనే కోస్తా మామా!" అని వెక్కి వెక్కి ఏడ్చింది. బయ్యన్న వాచిన కంటితోనే నవ్వాడు. మంతన్న ఒక పక్కకు తిరిగి ముక్కు తుడుచుకున్నాడు.

బుర్రలోంచి మొదటి తేనెచుక్క ఈదమ్మ తన నోట్లో వేసుకోలేదు. నాభి దగ్గరికి వచ్చింది. బయ్యన్న ఆమెను గట్టిగా పట్టుకున్నాడు. ఆమె చెయ్యి చాపి, పువ్వు గొంతులో ఆ చుక్క పెట్టింది.

"ఇక తలెత్తవే తల్లీ, అయిపోయిందిగా" అంది.

నాభి తల ఎత్తబోయింది. రాలేదు. ఈదమ్మ రెండు వేళ్ళతో మెల్లగా ఎత్తింది. వేళ్ళు తీయగానే తల మళ్ళీ కిందికే వాలింది. మెడ అలాగే బిగుసుకుపోయింది.

అప్పుడు చూశారు అందరూ. కొండ మీద సూరీడు ఇంకా దిగలేదు. సగం కొండ వెనక, సగం ముందు, అలాగే ఆగిపోయి ఉన్నాడు.

"ఏమే పిల్లా, ఇవాళ పలకలేదేం?" అన్నాడు మెల్లగా.

"తాతా, మెడ తిరగడం లేదు. నువ్వు కనబడటం లేదు" అంది నాభి. అంతసేపూ ఆపుకున్న ఏడుపు అప్పుడు వచ్చేసింది.

సూరీడు అంతా చూశాడు కదా, కొండ మీది నుంచి కాస్త ముందుకు వంగాడు.

"ఏడవకు. నా వేడి తగిలిస్తే నీ మెడ మళ్ళీ నిలబడుతుంది. ఎప్పటిలా నన్నే చూస్తూ ఉండొచ్చు. కానీ ఒకసారి అలా నిలబడిందంటే, ఇక వంగదు. నిలబెట్టనా?"

నాభికి నోటిదాకా వచ్చింది, నిలబెట్టమని. అంతలో వెనక ఈదమ్మ గొంతు వినబడింది. తేనె నాకుతోంది, నవ్వుతోంది, అంతలోనే మొగుణ్ణి తిడుతోంది. బయ్యన్న బతిమాలుకుంటున్నాడు. "ఈసారి వాగు తగ్గినాకే దిగుతాలేవే."

అంటే మళ్ళీ దిగుతాడన్నమాట. దిగకపోతే ఎలా? అది అతని పని.

"వద్దులే తాతా" అంది నాభి. "ఈదమ్మ చూడకూడదు. మంతన్న తాడు వదలకూడదు. కిందికి చూసేవాళ్ళు ఒకరుండాలిగా."

"మరి నన్ను చూడకుండా ఉండగలవా?"

నాభి ఆలోచించింది. "నువ్వు నా వీపు మీద పడుతుంటావుగా. వచ్చావని తెలుస్తుందిలే."

సూరీడికి ఆ మాట ఎక్కడ తగిలిందో! కొండ మీది నుంచి చెయ్యి చాపి, వెనక్కి ఎగదోసుకున్న నాభి రేకుల కొసలు ముట్టుకున్నాడు. అతను ముట్టుకున్న చోటల్లా రేకులు ఎర్రబడ్డాయి, పొద్దు వాలేటప్పటి ఆకాశంలా.

"నువ్వు నన్ను చూడలేకపోతే ఏమే పిల్లా! నా పగలంతా నీ ఒంటి మీద పెడుతున్నా. విచ్చుకునేటప్పుడు నా పొద్దుటి పసుపు నీది. వాడిపోయేలోపు నా సాయంత్రపు ఎరుపూ నీదే. ఇక పోయొస్తా!"

"పోయిరా తాతా! రేపు పెందలాడే రా!" అంది నాభి, లోయలోకి చూస్తూనే.

అప్పటినుంచే అడవినాభి పువ్వు తల కిందికి వంచి, రేకులు వెనక్కి ఎగదోసుకుని ఉంటుంది. అప్పటినుంచే దాని ఆకుల కొసలు చిటికెన వేళ్ళలా మడుచుకుని పక్క కొమ్మను పట్టుకుంటాయి, దాని రేకుల అంచులు వంకీలు తిరిగి ఉంటాయి. పసుపుగా విచ్చుకుంటుంది, కొసల నుంచి ఎర్రబడుతూ వస్తుంది, ఆఖరికి నిప్పులా అవుతుంది. దాని గడ్డలో విషం మాత్రం ఇప్పటికీ అలాగే ఉంది. అందుకని మీరు కూడా దాన్ని ముట్టుకోకండి, దగ్గర కూర్చుని మాట్లాడితే చాలు.

సాయంత్రం సూరీడు దిగిపోతూ వెనక నుంచి దాని రేకుల్ని తాకి పోతాడు. నాభి తల మాత్రం ఎత్తదు. కింద ఎవరో పాడుతూ ఉంటారు, వాళ్ళను చూసుకోవాలి కదా.